విభీషణుని కన్నీరు

“ఇంటిగుట్టు లంకకు చేటు” అను సామెత తెలుగునాట పసిబాలురకు సైతము తెలిసినదే. శ్రీరాముని నిత్యము పూజించు ఇండ్లలోనే, ఆయనకు శరణాగతుడైన విభీషణునిపై ఈ నింద నిలిచియున్నది. ఒకచో పరమభక్తుడని చేతులు జోడింతుము. వేరొకచో అన్నకు ద్రోహము చేసినవాడందుము. అన్న అధర్మమున నున్నపుడు తమ్ముని కర్తవ్యమేమి?

ముందుగా నిందలోని బలమును ఒప్పుకొనవలెను. విభీషణుడు సముద్రతీరమున ఆకాశమున నిలిచి శరణు వేడినపుడు సుగ్రీవుడు ఇదియే అడిగెను: ఆపదలోనున్న అన్నను విడిచినవాడు రేపు ఎవరిని విడువడు? ఇతనికి రాజ్యకాంక్ష కలదని శ్రీరాముడును ఎరుగును. ఎరిగియే అభయమిచ్చెను. వాల్మీకి మహర్షి ఈ సంగతిని దాచలేదు.

అయినను అతడు అన్నను ఎట్లు విడిచెనో చూడవలెను. హనుమంతుని వధింపుమని రావణుడు ఆజ్ఞాపించిన నాడు, దూతను చంపరాదని నిండుసభలో అడ్డుపడెను. సీతాదేవిని అప్పగింపుమని పలుమారులు అన్న ఎదుటనే చెప్పెను. ఇంద్రజిత్తు పిరికివాడని హేళన చేసెను. రావణుడు కులమునకు మచ్చ యని దూషించెను. అప్పుడుగాని లేవలేదు. చీకటిలో పారిపోక, అన్నకు శుభము పలికి, నలుగురు అనుచరులతో అందరును చూచుచుండగా వెడలెను. ఆవలి యొడ్డున తాను రావణుని తమ్ముడనని దాచక చెప్పుకొనెను. ఆలుబిడ్డలను లంకలోనే విడిచి వచ్చెను.

కుంభకర్ణుడు వేరొక దారి త్రొక్కెను. అన్న చేసినది తప్పని మొగముమీదనే చెప్పి, అన్న కొరకే పోరి మడిసెను. కౌరవసభలో వికర్ణుడును అంతే. ద్రౌపది పక్షమున మాటాడి, దుర్యోధనుని పక్షమున పోరెను. చంపిన భీముడే అతనికై వగచెను. వీరి భ్రాతృప్రేమకు మన మనస్సు కరగును. కాని వీరి బాహుబలము చెరలోనున్న సీతకు గాని, పరాభవము పొందిన ద్రౌపదికి గాని అక్కరకు వచ్చెనా? ఇల్లా, ధర్మమా యని తూచునపుడు, ఆ యింటివలన నష్టపడి ఏడ్చుచున్న పరాయివారిని మనము మరతుము.

అట్లని ధర్మపక్షమున చేరినవాడు రక్తబంధమును త్రెంచుకొనవలెనా? నికుంభిలలో ఇంద్రజిత్తు యజ్ఞరహస్యమును తెలిపినది విభీషణుడే. ఆ యుద్ధమున అతడు, అన్నకొడుకును చంపబూనిన తన కన్నులకు కన్నీరు అడ్డుపడుచున్నదని చెప్పుకొనెను. నా కీ ఘట్టమే అతని హృదయమునకు సాక్ష్యము. పక్షము మారినది గాని మమకారము చావలేదు. రావణుడు కూలిన పిదప అంత్యక్రియలకు అతడు వెనుదీయగా, వైరము మరణముతో ముగిసినదనియు, రావణుడు తనకును అట్టివాడేననియు శ్రీరాముడే బోధించి చేయించెను.

ఈ ధర్మసంకటము పురాణములతో ముగియలేదు. నేరము చేసిన కుమారుడు అర్ధరాత్రి వచ్చి తలుపు తట్టినాడనుకొందము. నేరస్థుని శిక్షనుండి తప్పించుటకై ఆశ్రయమిచ్చుట నేరమని 2024 జూలై 1 నుండి అమలులోనున్న భారతీయ న్యాయ సంహిత చెప్పుచున్నది. అందు భార్యకో భర్తకో మినహాయింపు కలదు. తల్లిదండ్రులకు, తోబుట్టువులకు లేదు. ఆ తండ్రి యేమి చేయవలెను? ఆ రాత్రి వేరొక యింట ఎవరు ఏడ్చుచున్నారో తలచుకొనవలెను. కుమారునకు ఎదుటనే నిజము చెప్పి, తానే వెంటబెట్టుకొని ఠాణాకు పోవలెను. న్యాయవాదిని కుదుర్చవలెను. చెరసాల గుమ్మము కడకు పోవుటకు సిగ్గుపడరాదు. దాచుటయే ప్రేమ కాదు. అప్పగించి చేతులు దులుపుకొనుటయు ధర్మము కాదు.

లంకకు చేటు తెచ్చినది గుట్టు బయటపడుట కాదు, దొంగతనమున తెచ్చి దాచిన పరసతి. సామెతను పలుకునపుడు ఈ మాటను కూడ తలతుము గాక.

పట్టాభిషేకానంతరము శ్రీరాముడు తన కులదైవమైన శ్రీరంగనాథుని విభీషణునకు ప్రసాదించెనని శ్రీరంగ స్థలపురాణము. స్వామి కావేరీ మధ్యమున నిలిచిపోయి, శోకించిన విభీషణుని ఓదార్చి, దక్షిణముగా లంకవైపు చూచుచు శయనింతునని మాట యిచ్చెనట. నేటికిని శ్రీరంగమున స్వామి దృష్టి దక్షిణమునకే. ధర్మము కొరకు తనవారిని విడిచి వచ్చినవాని ఊరిని స్వామి విడువలేదు.