మాతృస్మృతియు చలనచిత్రమును

గతించిన తల్లి రూపమును చిత్రమున నిలుపుకొనుట స్మృతికి సేవయా, అపచారమా? ఈ ప్రశ్న మాకు పుస్తకములలో తారసిల్లినది కాదు.

స్కాట్లండునకు ఉత్తరముననున్న ఆర్క్నీ దీవులలో జన్మించిన మార్గరెట్ టెయిట్ అను వైద్యురాలు 1952లో తన తల్లిని గూర్చి ఐదు నిమిషములైనను నిండని యొక చిత్రమును తీసెను. అందు కథ లేదు. ఆ వృద్ధురాలు పొగ త్రాగును, నడచును. అంటుకొనిపోయిన మిఠాయి కాగితమును వ్రేళ్లతో ఓపికగ విప్పును. అంతియే. ముఖముకంటె ఆ వ్రేళ్లే మా మనస్సున నిలిచినవి. తీసిననాడు తల్లి సజీవ. నేడు ఆమెయు లేదు, 1999లో గతించిన కుమార్తెయు లేదు. ఆ కాగితము మాత్రము ఇంకను విప్పబడుచునే యున్నది.

స్వీడను దేశీయురాలగు గున్వోర్ నెల్సన్ 1991లో తీసిన ‘టైమ్ బీయింగ్’ వేరు తెరగుది. అవసానదశలోనున్న తల్లిని అది శబ్దమేమియు లేక చూపును. దీనిని మేము నిర్దయ యనజాలము. చూపు మరల్చుకొనకుండుటయు నొక ప్రేమయే. అయినను ఆ స్థితిలోనున్న తల్లి సమ్మతి యెట్టిది? ఈ సందేహము మమ్ము విడువలేదు. ఫ్రెంచి రచయిత రోలా బార్త్, ఛాయాచిత్రములను గూర్చిన తన 1980 నాటి గ్రంథమున, గతించిన తల్లి బాల్యపు పటమును పుటలకొలది వర్ణించియు, ఆ పటమును మాత్రము అచ్చు వేయింపలేదు. పరులకది వట్టి పటమే గదా!

మన శ్రాద్ధమునను తల్లి రూపమునకు పని లేదు. గోత్రనామము లుచ్చరించి పిండమిడుదుము. పూర్వులకు కెమెరా లేకపోబట్టి యనుట చాలదు. చిత్తరువులు వ్రాయువారు అప్పుడును గలరు.

మా తల్లి ఆసుపత్రిలో నుండగా నొకనాడు మేము సెల్‌ఫోను ఎత్తితిమి. ఆమె చేయి అడ్డము పెట్టినది. పదునొకండు సెకండ్ల ఆ దృశ్యమున ముఖము లేదు; సూది గ్రుచ్చిన చేయి యొక్కటే యున్నది. అది నిషేధమో, ఏమి పెట్టబోయినను ‘చాలులే నాయనా’ యను ఆమె నిత్యపు టలవాటో, మే మెరుగము. చింతపండు పిసుకుచుండగనో, పూలు కట్టుచుండగనో ఒక్క నిమిషమైనను తీయనైతిమి. ఎదుటనే యున్నది గదా, తీయుట యెందులకనుకొంటిమి. టెయిట్ చేసిన పనిని మేము చేయక, నెల్సన్ చేసినదానికి చేయి చాచితిమి. ఆమె ధైర్యము మాత్రము మాకు లేదు.

ఆ దృశ్యమును పంపుమని మా చెల్లెలు మూడుమారులు అడిగినది. ఇంకను పంపలేదు.