పరువునకు వారసులు లేరా?

వ్యాజ్యములు మనుష్యులకంటె ఎక్కువకాలము జీవించు దేశము మనది. కాబట్టి దావా నడుచుచుండగా వాది మరణించిన నేమగునను ప్రశ్న వకీళ్లకే గాక గృహస్థులకందఱికిని కావలసినదే.

1908 నాటి సివిలు ప్రొసీజరు కోడులోని 22వ ఆర్డరు ఈ విషయమునే చెప్పుచున్నది. వాది చనిపోయినంతమాత్రమున దావా చావదు. దావాకు మూలమైన హక్కు అతని తరువాత నిలుచునా యని చూడవలెను. భూమి, ఇల్లు, రావలసిన బాకీ మొదలగువానియందు ఆ హక్కు నిలుచును. అట్టియెడ వారసులు 90 దినములలో అర్జీ పెట్టుకొని మృతుని స్థానమున నిలువవలెను. గడువు దాటెనా, దావా తనంతట తానే రద్దగును; అదే హక్కునుబట్టి మరల దావా వేయ వీలులేదు. ఆ రద్దును తొలగింపుమని కోరుటకు మఱి 60 దినములు కలవు. అవియు దాటినచో ఆలస్యమునకు తగిన కారణము చూపి వేడుకొనవలెను. మాసికములు పెట్టుచుండగనే 90 దినములును గడచిపోవును. కాగితములు వకీలునొద్ద నుండును. దావా నంబరైనను ఎఱుగని ఇల్లాలికి గడువు సంగతి ఎవరు చెప్పెదరు? భర్తలు బ్రదికియుండగనే భార్యలకును కొమార్తెలకును ఈ సంగతులు తెలియజెప్పుట మేలు.

ఇంతవఱకు చట్టముతో మాకు పేచీ లేదు. మా సందేహమంతయు పరువు విషయమున. పరువునష్టమునకై పరిహారము కోరి దావా వేసినవాడు తీర్పు రాకమునుపే చనిపోయినచో దావాయు అతనితోడనే పోవును. 1925 నాటి భారత వారసత్వచట్టము మృతుని దావాహక్కులు అతని ఆస్తిని నిర్వహించువారికి సంక్రమించునని చెప్పుచునే, పరువునష్టమును, దౌర్జన్యమును, ప్రాణము తీయని దేహబాధలను మినహాయించినది. వ్యక్తికి సంబంధించిన దావా ఆ వ్యక్తితోడనే నశించునను ప్రాచీనాంగ్ల న్యాయసూత్రపు ఛాయ యిది. ఇంగ్లండు 1934లో ఆ సూత్రమును చాలవఱకు విడిచినది గాని, పరువునష్టము విషయమున మాత్రము విడువలేదు.

మన సుప్రీంకోర్టు చేసిన నిర్ణయ మొకటి ఆలోచింపదగినది. వాది క్రిందికోర్టులో ఓడి, అపీలు చేసికొని, అది తేలకముందే చనిపోయెనా, వారసులకు దారిలేదు. గెలిచి డిక్రీ పొందిన పిదప, ప్రతివాది చేసిన అపీలు నడుచుచుండగా చనిపోయెనా, డిక్రీ సొమ్ము ఆస్తిలో చేరినది గనుక వారసులు దానిని కాపాడుకొనవచ్చును. అనగా తండ్రి పరువు రూపాయలుగా మారినగాని బిడ్డలకు సంక్రమింపదు! తర్కమున కిది సరిపోవును గాని మనస్సునకు సరిపోదు.

ఎదిరిపక్షపు వాదము తేలికగా త్రోసివేయదగినది కాదు. నిందవలన నొచ్చినవాడు వాది. బోనెక్కి ప్రశ్నలకు బదులు చెప్పవలసినవాడును అతడే. మృతుల పరువుకొఱకు వారసులెల్లరు దావాలకు దిగినచో చరిత్రకారుడు కలము పట్టజాలడు. నిజమే, చనిపోయిన పిమ్మట క్రొత్తగా వేయు దావాలను మేము కోరుటలేదు. కాని తానే కోర్టునకు వచ్చి, సాక్ష్యము చెప్పి, ఏండ్లతరబడి వాయిదాలకు తిరిగి తిరిగి చనిపోయినవాని మాట వేఱు. ఆ యాలస్యము అతడు చేసినది కాదు. ముసలివానిని నిందించి వాయిదాలు కోరుచు కూర్చున్నవానికి యమధర్మరాజే వకీలు.

ఇంకొకచోట చట్టమే మెత్తబడినది. మరణశిక్షగాని చెఱశిక్షగాని పడి అపీలు చేసికొన్నవాడు చనిపోయినచో, అతని తల్లిదండ్రులు, భార్య, సంతానము, తోబుట్టువులు—వీరిలో నెవరైనను 30 దినములలో అనుమతి కోరి ఆ యపీలును నడుపుటకు 1973 నాటి క్రిమినలు ప్రొసీజరు కోడు అవకాశమిచ్చినది. 2024 జూలైలో అమలునకు వచ్చిన భారతీయ నాగరిక సురక్షా సంహితయు దానిని నిలుపుకొన్నది. చనిపోయినవానిని చెఱలో పెట్టువారెవరు? ఇక మిగిలినది పేరొక్కటే గదా! దొంగయని శిక్షపడిన తండ్రి పేరు కడుగుటకు కొమార్తెకు దారి కలదు. దొంగయని పత్రికలో నిందింపబడిన తండ్రి దావాను నడుపుటకు ఆమెకు దారి లేదు.

వాది సాక్ష్యము పూర్తియైన దావాలనైనను, పరిహారపు సొమ్ము మాట విడిచి, నింద నిజమో అబద్ధమో తేలువఱకు వారసులను నడుపుకొననిచ్చినచో ఎవరికి నష్టము? ప్రతివాది నిజమే చెప్పియున్నచో అతనికిని ఆ తీర్పు కావలసినదే.