శక్తిమాన్ మా ఇంటి భాషలో మాట్లాడాడు

1997 సెప్టెంబర్ 13న దూరదర్శన్‌లో 'శక్తిమాన్' మొదలైంది. రావులపాలెంలో మా ఇళ్లలో టీవీలు తక్కువ. ఉన్నచోట చాపల మీద అందరం కూచునేవాళ్లం. కాపుల పిల్లలు, పేట పిల్లలు, మేం. బడిలో హిందీ వాచకం చదివినవాళ్లకి ఆ మాటల వేగం అందేది కాదు. మాకు అందేది. 'తురకం' అని వెక్కిరించే మా ఇంటి మాట ఆ కాసేపూ అందరికీ కావలసొచ్చేది. "ఒరేయ్ సాయిబూ, కిల్విష్ ఏమన్నాడ్రా?" చెప్పేవాళ్లం. కాస్త మసాలా కలిపి మరీ చెప్పేవాళ్లం.

శక్తిమాన్ కుండలినిని మేల్కొలిపి, ఏడు చక్రాలతో శక్తి సంపాదించినవాడు. మారువేషంలో పత్రికాఫీసు ఫొటోగ్రాఫర్. పేరు పండిత్ గంగాధర్ విద్యాధర్ మాయాధర్ ఓంకార్‌నాథ్ శాస్త్రి. ఆ పేరు గుక్కతిప్పుకోకుండా అప్పజెప్పడంలో మమ్మల్ని మించినవాళ్లు లేరు. నమాజుకి పోతూ కూడా దారిలో గిరగిరా తిరిగేవాళ్లం. అందులో మేం ఎక్కడున్నామని అడగాలని అప్పుడు తోచలేదు.

ఈ సంగతి చెబితే సెక్యులర్ మిత్రులు సంబరపడతారు. వీరుడికి మతమేమిటండీ అంటారు. నిజమే. కానీ ఎప్పుడూ గడప దాటి వెళ్లింది మేమే కదా? మా పేరున్న వీరుణ్ణి తమవాడనుకోవలసిన అవసరం మీ పిల్లలకి ఎప్పుడొచ్చింది?

2022 జూన్, జులైలలో ఆరు భాగాలుగా 'మిస్ మార్వెల్' వచ్చింది. అమెరికాలో పెరిగిన పాకిస్తానీల బిడ్డ కమలా ఖాన్ కథ. ఆ పోరాటాలు మాకు పెద్దగా పట్టలేదు. మసీదు దగ్గర స్నేహితురాలి చెప్పులు పోవడం, ఆ పిల్లే మసీదు కమిటీ ఎన్నికలకి నిలబడడం, రాత్రిపూట బయటికి పంపనని అమ్మీ భీష్మించుకోవడం, ఇవి పట్టాయి. మా ఇంటి మాటలకి అక్కడ ఎవరూ అర్థం చెప్పనక్కర్లేదు. ఆ హాయి మేం ఎరగనిది.

అయినా ఒక ముల్లు మిగిలింది. కమలా శక్తి నానీ తల్లి కడియంలో ఉంది, ఆ కడియం కథ 1947 నాటి రైలుదాకా పోతుంది. అంటే ముసల్మాను వీరురాలైనా సరే, మూలం వెతికితే కరాచీకే చేరాలా? మా దాదీలు ఆ రైలెక్కలేదు. వాళ్లు ఎక్కింది గౌతమి రేవులో పడవ. వాళ్లు దాటింది ఆ పాయ ఒక్కటే, అదీ అవతలి ఊళ్లో పెళ్లికి.

శక్తిమాన్‌ని మేం తిరిగివ్వం, ఆయన మావాడే. మా దాదీ పడవ కథ మాత్రం మీ పిల్లలకి ఎవరు చెబుతారు?