పేరులోనే ఛాంపియన్

కార్ఖానా ఇరానీ హోటళ్లలో ఈపాటికి తొలి చాయ్ అయిపోయి ఉంటుంది. రెండో చాయ్‌కి చదరంగం కబురు.

గుడివాడలో 1987లో పుట్టిన పాపకు తండ్రి కోనేరు అశోక్ ‘ఛాంపియన్’ అన్న మాటలోంచి హంపి అని పేరు తీశారు. రష్యన్ పేరులా ఉండాలని తర్వాత ఇంగ్లీషు స్పెల్లింగూ మార్చారు. తండ్రి ఆశ కాస్త అతిగా అనిపిస్తుంది గానీ, 2002లో పదిహేనేళ్లకే ఆమె గ్రాండ్‌మాస్టర్. మహిళల్లో జుడిత్ పోల్గార్ పేరిట ఉన్న పిన్న వయసు రికార్డు మూడు నెలల తేడాతో చెరిగిపోయింది. తల్లయ్యాక 2019లో, మళ్లీ 2024లో ప్రపంచ ర్యాపిడ్ టైటిళ్లు.

గుంటూరు ద్రోణవల్లి హారికదీ తక్కువ కథేం కాదు. 2022 చెన్నై ఒలింపియాడ్‌లో నిండు గర్భంతో బోర్డు ముందు కూర్చుంది.

హంపి కూడా ఉన్న ఆ జట్టుకు కాంస్యం దక్కింది. ఒలింపియాడ్‌లో భారత మహిళల జట్టుకు అదే తొలి పతకం.