సంకెళ్లు విడిపోయిన తరువాత

ధ్యానభాగము: మార్కు సువార్త 5:1–20



మన గ్రామములలో ఎవడైనను పొంతనలేని మాట ఆడిన యెడల, “వీనిని ఎఱ్ఱగడ్డకు పంపవలెను” అని నవ్వుట వాడుకయైయున్నది. విశాఖ ప్రాంతమువారు అదే మాటను వాల్తేరు పేరున అందురు. ఆ పేర్ల వెనుక నిజమైన మనుష్యులున్నారని తలంచువారు కొద్దిమంది.

హైదరాబాదు నగరమున బోరబండ ప్రక్కనే ఎఱ్ఱగడ్డలో ప్రభుత్వ మానసిక చికిత్సాలయము కలదు. నిజాము కాలమున జాల్నాలో నుండిన ఆ ఆసుపత్రి 1953లో ఇక్కడికి తరలింపబడెను. దానికి కొద్ది మైళ్ల దూరముననే జూబిలీ హిల్స్, ఫిలింనగర్ ఉన్నవి. పిచ్చాసుపత్రిని చూపి జనమును నవ్వించు తెలుగు చిత్రములు ఎన్నో వచ్చినవి. కాని ఆసుపత్రి గోడ లోపలనున్నవారు నవ్వులాటకు పుట్టినవారు కారు. వారు ఒక తల్లి కన్నబిడ్డలు. ఒక గ్రామమున పేరు గలవారు. ఈ దేశపు పౌరులు.

ఇప్పుడు మన ధ్యానభాగమును చూతము. గెరాసేనుల దేశమున ఒక మనుష్యుడు సమాధులలో కాపురముండెను. ఊరివారు వానిని పలుమారులు సంకెళ్లతోను గొలుసులతోను బంధించిరి. ఈ భాగమును చదివి, మతి చెడిన ప్రతివానికిని దయ్యము పట్టెనని మనము తీర్పు తీర్చరాదు. మనస్సునకు వచ్చు జబ్బు కూడ జబ్బే. దానికి మందులున్నవి, వైద్యులున్నారు. ప్రియమైన లూకాయు వైద్యుడే గదా. లోకము కట్టివేసిన మనుష్యునితో మన ప్రభువు ఎట్లు ప్రవర్తించెనో అదియే మనమిక్కడ నేర్చుకొనవలసిన సంగతి.

మొదటిది, ప్రభువు అడిగిన ప్రశ్న పేరును గూర్చినది. ఊరివారికి వాడు ఒక భయము, ఒక బెడద. ప్రభువు ఎదుట వాడు పలుకరింపదగిన మనుష్యుడు. జబ్బు మనిషిని ఆసుపత్రిలో దిగవిడిచి, తప్పుడు చిరునామా వ్రాయించి వెళ్లిపోవు బంధువులు మన దేశమున లేకపోలేదు. పేరు ఊరు చెరిపివేయుట మనిషిని బ్రతికియుండగనే సమాధులలో ఉంచుట కాదా?

రెండవది, ఊరివారు వచ్చి చూచునప్పటికి వాడు బట్టలు కట్టుకొని, స్వస్థబుద్ధితో కూర్చుండియుండెను. దేవుని కార్యము మనస్సును బాగుచేయుటతో ఆగలేదు; మర్యాదను కూడ తిరిగి ఇచ్చెను. యిర్మీయాను గోతిలోనుండి పైకి లాగినప్పుడు, త్రాళ్లు ఒరసికొనకుండ చంకల క్రింద పాతబట్టలు పెట్టుకొమ్మని ఎబెద్మెలెకు చెప్పెను. ప్రాణము కాపాడుచున్నాము గనుక నొప్పి కలిగినను ఫరవాలేదని అతడనుకొనలేదు. చికిత్స చేయు చేయియు అట్లే ఉండవలెను.

మూడవది, అందరికంటె ముఖ్యముగా మన సంఘములు వినవలసినది. బాగుపడినవాడు ప్రభువుతోకూడ ఉండనిమ్మని వేడుకొనెను. ఆయన వానిని నీ యింటికి, నీవారియొద్దకు పొమ్మనెను. సంకెళ్లు విడిపోయిన తరువాత మిగిలియున్న కార్యము ఇదే: ఇంటి తలుపు తెరువబడవలెను. ఊరివారు మాత్రము బాగుపడిన మనుష్యుని చూచి భయపడిరి. పందుల నష్టమును గూర్చి విని ప్రభువును తమ ప్రాంతము విడిచి పొమ్మనిరి. కట్టివేయబడినవాని కంటె విడుదల పొందినవాడు వారికి ఎక్కువ భయము పుట్టించెను. ఈనాడును అంతే. బాగుపడినవాడు ఇంటికి వచ్చిన యెడల అద్దె ఇల్లు పోవుననియు, ఆడపిల్లల పెండ్లి సంబంధములు తప్పిపోవుననియు, పొలములో పాలు అడుగుననియు భయము.

పాలు మాట వచ్చినది గనుక నెబుకద్నెజరు రాజును జ్ఞాపకము చేసికొందము. అతడు మతి తప్పి ఏడు కాలములు పశువులతోకూడ తిరిగెను. బుద్ధి మరల వచ్చినప్పుడు మంత్రులును అధిపతులును అతనిని వెదకివచ్చిరి. అతని రాజ్యము అతనికి స్థిరపడెను. అన్యరాజు కొలువున నిలిచిన న్యాయము మన యిండ్లలో నిలువవద్దా? జబ్బు చేసినంతమాత్రమున వారసత్వపు హక్కు పోదు. మతి స్వాధీనములో లేని సమయమున వేలిముద్ర వేయించుకొని చేసిన ఒప్పందము చట్టము ఎదుట చెల్లదు.

మన దేశపు చట్టము కూడ చాల దూరము నడిచి వచ్చినది. 1912 నాటి ఉన్మాదుల చట్టము రోగిని కాపలా పెట్టవలసినవానిగా చూచెను. 1987లో దాని స్థానమున మానసిక ఆరోగ్య చట్టము చేయబడి, 1993లో అమలునకు వచ్చెను. అయినను 2001 ఆగస్టు 6న తమిళనాడులోని ఏర్వాడియందు ఒక ప్రైవేటు ఆశ్రమమునకు వేకువను నిప్పంటుకొనెను. గొలుసులతో కట్టబడియుండి పారిపోలేక కాలినవారితో కలిపి 28 మంది మరణించిరి. సుప్రీముకోర్టు తానుగానే ఆ సంగతిని విచారణకు తీసికొనెను.

2017లో పార్లమెంటు చేసిన మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టము 2018లో అమలునకు వచ్చెను. అందులోని కొన్ని సంగతులను ప్రతి సంఘపెద్దయు తెలిసికొనవలెను. రోగిని ఏ విధముగను గొలుసుతో కట్టరాదు. బలవంతముగా తల గొరిగింపరాదు. తన బట్టలు తాను కట్టుకొనగోరినవానికి ఆసుపత్రి బట్టలు బలవంతముగా తొడుగరాదు. పని చేయుమని నిర్బంధింపరాదు. పని చేసిన యెడల కూలి ఇయ్యవలెను. చూడవచ్చినవారిని కలిసికొనుటకును, ఫోనులో మాటలాడుటకును అతనికి హక్కు కలదు. ఉచిత న్యాయసహాయము కలదు. తన పక్షమున మాటలాడుటకు తనకు నమ్మకమైనవానిని, తెల్లకాగితముమీద వ్రాసి సంతకముగాని వేలిముద్రగాని వేసి, నియమించుకొనవచ్చును. అతని ఇష్టము లేకుండ చేర్చవలసి వచ్చినప్పుడు ఇద్దరు నిపుణులు వేరువేరుగా పరీక్షింపవలెను. మొదటి చేరిక 30 దినములకు మించరాదు. ఆ సంగతి సమీక్షా మండలికి 7 దినములలో, స్త్రీల విషయమున 3 దినములలో, తెలియజేయవలెను. అన్యాయమని తోచిన యెడల ఆ మండలికి మొఱపెట్టుకొనవచ్చును. ఇంటివారు రానిచ్చుట లేదనియో, ఇల్లు లేదనియో మాత్రమే ఎవనినిగాని ఆసుపత్రిలో ఉంచివేయరాదని కూడ ఆ చట్టము చెప్పుచున్నది.

ఓటు సంగతియు అట్లే. తగిన న్యాయస్థానము మతిస్థిమితము లేనివాడని ప్రకటించిననే గాని, ఆసుపత్రిలో ఉన్నంతమాత్రమున ఓటుహక్కు పోదు. 2019 లోకసభ ఎన్నికలలో చెన్నపట్టణపు కీల్పాక్ మానసిక చికిత్సాలయములోనే పోలింగు కేంద్రము పెట్టి, రోగులచేత ఓటు వేయించిరి. ఆ దినమున వారి వేలిమీది సిరా గుర్తునకును మన వేలిమీది గుర్తునకును భేదమేమి?

విశ్వాసులు హక్కులను గూర్చి మాటలాడుట తగునా అని కొందరడుగుదురు. ఫిలిప్పీలో న్యాయవిచారణ లేకుండ కొట్టి చెరసాలలో వేసిన అధికారులు రహస్యముగా పంపివేయజూడగా, పౌలు ఒప్పుకొనలేదు. తాను రోమా పౌరుడనని చెప్పి, వారే వచ్చి వెలుపలికి తోడుకొనిపోవలెననెను. అతడు తనకొరకు మాటలాడగలిగెను. ఎఱ్ఱగడ్డలోనున్నవాడు మాటలాడినను “పిచ్చివాని మాట” అని త్రోసివేయుదురు. గనుక వాని మాటకు సాక్షులుగా మనము నిలువవలెను.

రోగిని ఇంట పెట్టుకొనుట సులభమని మేము చెప్పుట లేదు. రాత్రియంతయు నిద్రలేని తల్లి, కూలి మానుకొని కాపలాయున్న తండ్రి, కొట్టబడిన భార్య — వీరి కన్నీరు దేవునికి తెలియును. ఆసుపత్రిలో చేర్చుట పాపము కాదు. చేర్చి మరచిపోవుటయే పాపము. ఆ భారమును ఒక కుటుంబము మీదనే విడిచిపెట్టిన సంఘమును కూడ ప్రభువు లెక్క అడుగును.

కాబట్టి ప్రియులారా, ఈ నెలలో మన సంఘములు చేయదగినవి కొన్ని కలవు. మన గ్రామమునుండి ఆసుపత్రిలోగాని ఆశ్రమములోగాని ఉన్నవారి పేర్లు వ్రాసికొని, ప్రార్థనలో పేరు పెట్టి జ్ఞాపకము చేయుడి. ఉత్తరము వ్రాయుడి, ఇద్దరిద్దరుగా పోయి చూచి రండి. స్వస్థపడినవాని యింటివారితో పెద్దలు కూర్చుండి మాటలాడి, మందుల ఖర్చునకు కానుకలలోనుండి కొంత తీసి ఇయ్యుడి. ప్రార్థనాలయపు వసారాలో ఎవనినిగాని స్తంభమునకు కట్టనియ్యకుడి. ప్రార్థన చేయుడి, నూనె రాయుడి, వైద్యునియొద్దకును తీసికొనిపొండు. ఎవరికి చెప్పుకొనవలెనో తోచనప్పుడు 14416 అను ప్రభుత్వపు ఉచిత ఫోను నంబరునకు పిలిచిన యెడల సలహా చెప్పెదరు.

ఆ మనుష్యుడు ప్రభువు మాట చొప్పున ఇంటికి పోయి, దెకపొలి అంతట తనకు కలిగిన మేలును ప్రకటింపగా అందరు ఆశ్చర్యపడిరి. ఊరు వెలివేసినవాడే ఆ ప్రాంతమునకు సువార్తికుడాయెను. మనము తలుపు మూసిన యెడల ఎట్టి సాక్ష్యమును పోగొట్టుకొందుమో ఎవరికి తెలియును? బంధింపబడినవారిని తన సహోదరులని పిలిచిన ప్రభువు మన యిండ్ల తలుపులను, మన సంఘముల తలుపులను తెరచును గాక. ఆమేన్.