సత్యము తేలకముందు దండము

గెట్టు తగవు పడి ఆత్మకూరు కోర్టుకెక్కిన రైతు, ఇంజంక్షన్ ఆర్డరు చేతికందిన పిమ్మట సైతము ఎదుటివాడు ట్రాక్టరు దింపుట మానకున్నచో, అదే కోర్టున పోలీసు రక్షణకై మరియొక దరఖాస్తు పెట్టుకొనును. దరఖాస్తు చిన్నదే, అందలి ధర్మసందేహము మాత్రము పాతది, పెద్దది. భూమి ఎవరిదో తేలకముందే దండమును ఒకరి పక్షమున నిలుపవచ్చునా?

అమరచింత సంస్థానమునకు ఆత్మకూరు రాజధానిగా నుండిన కాలమున ఈ ప్రశ్న ఎందరడిగిరో గాని, 1949 జాగీరు రద్దు శాసనముతో ఆ ఏలుబడి ముగిసినది. అటుపై జూరాల ఎడమ కాలువ నీరు పారుటతో జానెడు నేలయు వ్యాజ్యమునకు చాలినదైనది.

యాజ్ఞవల్క్యుడు వ్యవహారమున లిఖితము, భుక్తి, సాక్షులు అను మూడు ప్రమాణములను చెప్పి, పరుడు తన భూమిని ఇరువదియేండ్లు అనుభవించుచుండ చూచియు నోరు మెదపని యజమానికి హాని కలుగుననెను. కల్యాణి చాళుక్యుల కాలమున మితాక్షర రచించిన విజ్ఞానేశ్వరుడు ఇచ్చట ఒక్క క్షణమాగి, ఆ హాని ఫలమునకే గాని స్వత్వమునకు కాదని వ్యాఖ్యానించెను. ఎంతటి సూక్ష్మదృష్టి! మన మధ్యంతర ఉత్తర్వు సైతము స్వత్వమును తేల్చదు. అయినను ఇద్దరు కానిస్టేబుళ్లు గెట్టుమీద నిలిచియుండగా పెరికికొనిపోయిన వేరుసెనగ, పదేండ్లకు వచ్చు తీర్పుతో తిరిగి మొలవదు.

సివిలు కోర్టు తన ఆజ్ఞ అమలునకు సివిలు ప్రొసీజరు కోడు 151వ సెక్షను క్రింద పోలీసు సహాయము ఇప్పింపవచ్చునని ఆంధ్రప్రదేశ్ హైకోర్టు చెప్పిన తీర్పు 1971 ఏ.ఐ.ఆర్. సంపుటమున నున్నది. దానితో నాకు పేచీ లేదు. దండము ముడుచుకొన్నచోట మత్స్యన్యాయము ప్రబలునని కౌటిల్యుడన్నది ఊరక కాదు. అమలుకాని ఆజ్ఞను నమ్ముకొని పేదవాడు ఎన్నాళ్లు తిరుగగలడు? నా సంకోచమంతయు, రెండవ పక్షమును వినకమునుపే పుట్టిన ఉత్తర్వును గూర్చియే. ఎస్.ఐ. చేతిలోని కాగితమున సర్వే నంబరుండును, నాలుగు హద్దులుండును. పొలమునకు పోయి చూచిన, హద్దురాయి ఎవడో ఎన్నడో పెరికివేయగా, ఇరుపక్షములును తమదేయను తుమ్మచెట్టొకటి నిలిచియుండును. ఆ చెట్టు ఎవరిదో తేల్చుట పోలీసు పని కాదు, కాని ఆనాటికి తేల్చువాడు అతడే యగుచున్నాడు.

సివిలు ప్రొసీజరు కోడు దీనిని ఎరుగకపోలేదు. ఆజ్ఞ మీరినవానికి మూడు నెలల వరకు సివిలు జైలు కలదను మాట అందరి నోటను వినబడును; చాలిన ఆధారము లేక ఇంజంక్షన్ తెచ్చినవాడు ఏబదివేల రూపాయల వరకు పరిహారమీయవలసి వచ్చునను 95వ సెక్షనును తన కక్షిదారునకు చదివి వినిపించు వకీలు అరుదు. 39వ ఆర్డరు రెండవ రూలులోనే, ఇంజంక్షన్ ఇచ్చునప్పుడు లెక్క చూపుమనియు, పూచీకత్తు ఇమ్మనియు షరతు పెట్టు అధికారము జడ్జికి కలదు. పోలీసును గెట్టుమీదికి పంపుమని అడిగినవానిని, ఆ సంవత్సరపు పంట లెక్కను కోర్టుకు అప్పగింపుమనుట విజ్ఞానేశ్వరునకును సమ్మతమే యగును.