పాట కింద పేరు

పాట ఎవరిది? మా పేటలో అడిగితే ‘ఎవరిదేంటి, అందరిదీ’ అంటారు. పండితుల్ని అడిగితే ‘జానపదం’ అంటారు. రెండూ ఒకటి కాదు. మొదటిది పంచుకోవడం. రెండోది పేరు చెరిపెయ్యడం.

మొన్న వేసవి సెలవుల్లో నేనొక్కణ్ణే ఒక చిన్న పాట సినిమా తీశాను. ఆరు నిమిషాలు. కెమెరా నా ఫోనే. డప్పు నాదే, కూర్పు నాదే. పాట మాత్రం మా అమ్మది. ఊడుపుల్లో పాడుకునేది. ఆ పాట వినిపిస్తూ ధవళేశ్వరం కొండనీ, ఆనకట్టనీ చూపించాను.

1847లో పని మొదలై 1852లో ఆనకట్ట పూర్తయింది. ఈ కొండరాయి కొట్టి, మోసి, గోదాట్లో వేశారు. కాటన్ దొరకి విగ్రహం ఉంది, మ్యూజియం ఉంది. 1982లో పూర్తయిన బ్యారేజీకీ ఆయన పేరే. ఉండనీ, కాదనను. రాయి మోసినోళ్ల పేరు ఒక్కటైనా ఏదీ? బళ్లో పిల్లోడు ‘కాటన్ కట్టాడు’ అని రాస్తే పూర్తి మార్కులు. ‘మా తాతలు కట్టారు’ అని రాస్తే?

సినిమా చివర పేర్లు వేసే కాడ చిక్కొచ్చింది. తెలిసినాయన ఒకరు, ‘అంతా నువ్వొక్కడివే చేశావు కదా మాస్టారూ, నీ పేరే వెయ్యి. పాటకి జానపదం అని పెట్టు, సరిపోద్ది’ అన్నారు. అమ్మనడిగితే, ‘నా పేరెందుకురా అయ్యా! రెండు చరణాలు మీ అత్త కట్టింది. పల్లవి పక్కింటి ముసలమ్మ కాడ నేర్సుకున్నాం. ఎవరి పేరని ఏస్తావు?’ అంది.

ఇద్దరూ పేరొద్దనే అన్నారు. ఆయన మాటలో అమ్మ మాయమైపోద్ది. అమ్మ మాటలో మరో ఇద్దరు ఆడోళ్లు లేచి నిలబడ్డారు.

నేను రాస్తే కవిత్వం, అమ్మ పాడితే జానపదం! తేడా పాటలో లేదు, చదువులో ఉంది. చట్టమూ పేరున్నోడికే కాపలా. రాసినవాడు పోయాక 60 ఏళ్లదాకా హక్కు నిలబడుద్ది. జానపదమని ముద్రపడితే ఆ కాపలా లేదు, ఎవరైనా ఎత్తుకుపోవచ్చు. ఈ గోదావరి గడ్డ మీదే కుసుమ ధర్మన్న ‘మాకొద్దీ నల్ల దొరతనము’ అన్నారు. ఆ పాటకి పేరుంది గనకే అది ఎవరి నిలదీతో మనకి తెలుసు.

ముగ్గురి పేర్లూ వేశాను. వాళ్లకి ముందు పాడినోళ్లకి ‘పేర్లు దొరకని కూలితల్లులు’ అని వేశాను. నా పేరు ఆఖర్న. సినిమా ఒంటరిగా తియ్యొచ్చు. పాట ఒంటరిగా పుట్టదు.

పాటల కోసం పేటలకి వెళ్లే తమ్ముళ్లూ, చెల్లెళ్లూ! మీ నోటు పుస్తకంలో ముందు ఆమె పేరు రాయండి. పల్లవి తర్వాత రాసుకోవచ్చు.